నాన్న ఫోన్‌లో పాటలు ఎందుకు నిలవడం లేదు?

పేరు బయటపెట్టవద్దని కోరిన ఒక పాఠకురాలు వివరంగా ఉత్తరం రాశారు. ఆమె తండ్రికి చూపు బాగా మందగించింది. చదవడం, టీవీ చూడడం మానుకున్నాక పొద్దస్తమానం పాటలే ఆయనకు తోడు. ఆయన ఉండే ఇంట్లో సిగ్నల్ అంతంతమాత్రం. అందుకని ఆమె వెళ్లినప్పుడల్లా తన ఫోన్‌లో హాట్‌స్పాట్ పెట్టి, ఆయన పాత ఆండ్రాయిడ్ ఫోన్‌లో ఉన్న మ్యూజిక్ యాప్‌లోకి 700 పాటల ప్లేలిస్టు డౌన్‌లోడ్ చేసి వస్తారు. ఆయన పొరపాటున ఏదో నొక్కితే డేటా ఖర్చవుతుందని వచ్చేముందు ఆ ఫోన్‌లో మొబైల్ డేటా ఆపేస్తారు. మళ్లీ వెళ్లడం నెలకో, నెలన్నరకో కుదురుతుంది.

డౌన్‌లోడ్ 300 పాటలు దాటాక ఎక్కడో ఆగిపోయి ‘వెయిటింగ్’ అని చూపిస్తూ ఉండిపోతోంది. యాప్ తీసేసి మళ్లీ వేస్తే కథ మొదటికొచ్చి, మళ్లీ దాదాపు అక్కడే ఆగుతోంది. ఈలోగా ఆమె డేటా అయిపోతోంది. పోనీ ఎక్కినవైనా నిలుస్తున్నాయా అంటే, ఒక్కోసారి వచ్చే ప్రయాణం దాకా బాగానే ఉంటాయి, ఒక్కోసారి మధ్యలోనే అన్నీ బూడిదరంగులోకి మారి మూగబోతాయి. ఒకసారైతే అప్పటిదాకా మోగుతున్న పాటలు, ఆమె వెళ్లి హాట్‌స్పాట్ కలిపిన కాసేపటికే మొత్తం పోయాయి. ఇవిగాక కొన్ని పాటలు సగంలో తెగి తర్వాతి పాటకు దూకుతాయి. ఖాతా ఒక్కటే. ఆమె, తమ్ముడు, తండ్రి ముగ్గురూ దాన్నే వాడుతున్నారు. తమ్ముడికి ఫోన్, ట్యాబ్, ల్యాప్‌టాప్ ఉన్నాయి. ఆమెకు ఫోన్, ట్యాబ్. తండ్రి ఫోన్ 32 జీబీది. యాప్ తీసేశాక 3.5 జీబీ ఖాళీ కనిపిస్తోంది. 64 జీబీ మెమరీ కార్డు కూడా వేసి ఉంది. డౌన్‌లోడ్ నాణ్యత అన్నిటికన్నా పై స్థాయిలో పెట్టారు.

‘నేనే హడావిడిగా ఏదో చేసేసి వచ్చేస్తున్నానని నాన్న అనుకుంటున్నారు. తమ్ముడేమో ఉచితంగా పాటలు దించే యాప్ ఒకటి వేసి పారెయ్, పీడా పోతుంది అంటున్నాడు. కొత్త ఫోన్ కొననా? యాప్ మార్చనా? వాడి మాట విననా?’ అన్నది ఆమె ప్రశ్న.

సమాధానం

మీరు అంకెలన్నీ రాయడం చాలా మేలు చేసింది. వాటిని పక్కపక్కన పెట్టి చూస్తే ఇది ఒక జబ్బు కాదని తెలుస్తుంది. పాటలు దిగకపోవడం ఒకటి. దిగినవి నిలవకపోవడం ఇంకొకటి. కొన్ని పాటలు తెగిపోవడం మరొకటి. మీరు మూడింటికీ యాప్ తీసేసి మళ్లీ వేయడమనే ఒకే మందు వాడుతూ వచ్చారు. ఆ మందు వీటిలో దేన్నీ నయం చేయదు. పైగా యాప్ తీసేస్తే అది దించుకున్న పాటలన్నీ దాంతోపాటే పోతాయి. ఎక్కిన 300 పాటలను మీ చేత్తో మీరే చెరిపి, అంత డేటా మళ్లీ ఖర్చు పెట్టారన్నమాట. యాప్ మొరాయిస్తే ఫోన్ సెట్టింగ్స్‌లో యాప్స్‌లోకి వెళ్లి, ఆ యాప్ పేరు నొక్కి, స్టోరేజ్‌లో ‘క్లియర్ క్యాష్’ ఒక్కటే నొక్కండి. దాని పక్కనే ‘క్లియర్ డేటా’ లేదా ‘క్లియర్ స్టోరేజ్’ ఉంటుంది. దాన్ని నొక్కితే లాగిన్‌తో సహా డౌన్‌లోడ్లన్నీ పోతాయి. పాత ఫోన్లలో కొన్నిసార్లు ‘చెత్త తొలగించండి’ అంటూ నోటిఫికేషన్లు పంపే క్లీనర్ యాప్‌లు ఉంటాయి. మీ నాన్నగారి ఫోన్‌లో అలాంటిది ఉంటే తీసేయండి. చూపు సరిగా లేని మనిషి ఆ నోటిఫికేషన్ మీద వేలు పెడితే ఏం చెరిగిందో ఎవరికీ తెలియదు.

ఇక 300 దగ్గర ఆగడం సంగతి. లెక్క వేసి చూద్దాం. చాలా యాప్‌లలో పై స్థాయి నాణ్యత అంటే సెకనుకు 320 కిలోబిట్లు. నాలుగు నిమిషాల పాట అంటే 240 సెకన్లు. 320ని 240తో గుణించి, బిట్లను బైట్లు చేయడానికి 8తో భాగిస్తే 9,600 కిలోబైట్లు, అంటే పాటకు దాదాపు 9.6 ఎంబీ. 700 పాటలకు 6.7 జీబీ కావాలి. మీకున్న ఖాళీ 3.5 జీబీ. అందులోనూ చివరి చుక్క దాకా ఫోన్ వాడనివ్వదు, కొంత తన పనికి అట్టేపెట్టుకుంటుంది. మిగిలిన 3 జీబీలో పట్టేది 310 పాటలు. మీ డౌన్‌లోడ్ సరిగ్గా ఆ చుట్టుపక్కలే ఆగుతోంది. చోటు చాలడం లేదని యాప్ తిన్నగా చెప్పకుండా ‘వెయిటింగ్’ అనడం వల్ల మీరు నెట్‌ను అనుమానించారు.

మరి 64 జీబీ కార్డు ఉందిగా అంటారేమో. కార్డు ఫోన్‌లో ఉన్నంత మాత్రాన యాప్ దాన్ని వాడదు. యాప్ సెట్టింగ్స్‌లో స్టోరేజ్ లేదా డౌన్‌లోడ్స్ విభాగంలో ఎక్కడ దాచాలో మీరే ఎంచాలి. ఎంచనంతవరకూ ఫోన్ లోపలి మెమరీలోకే పోస్తూ ఉంటుంది. ఇది డౌన్‌లోడ్ మొదలుపెట్టక ముందే చేయాల్సిన పని. తర్వాత మారిస్తే కొన్ని యాప్‌లు పాత పాటల్ని కార్డులోకి తరలిస్తాయి (ఆ తరలింపు నడుస్తుండగా యాప్‌ను మూయకూడదు, కార్డును కదపకూడదు). కొన్ని అది కూడా చేయవు, మళ్లీ దించుకోవాల్సిందే.

నాణ్యత కూడా ఒక మెట్టు దించమని నా సలహా. 160 కిలోబిట్ల దగ్గర అదే పాట 4.8 ఎంబీ అవుతుంది, 700 పాటలకు 3.4 జీబీ చాలు. 96 దగ్గర పాటకు 2.9 ఎంబీ, మొత్తం 2 జీబీ. ఆయన ఫోన్ స్పీకర్‌లోనే వింటుంటే 96కీ 320కీ తేడా ఆ చిన్న స్పీకర్ చూపించలేదు. మంచి ఇయర్‌ఫోన్స్ వాడుతుంటే 160 పెట్టండి. మీ హాట్‌స్పాట్ డేటా కూడా సగానికి సగం మిగులుతుంది. ఇదీ డౌన్‌లోడ్‌కు ముందే మార్చాలి. ఇప్పటికే దిగిన పాటలు చాలా యాప్‌లలో వాటంతటవి చిన్నవి కావు.

ఈ రెండూ సరిచేశాక కూడా ఆగితే, అప్పుడు హాట్‌స్పాట్‌ను అనుమానించాలి. గుర్తు తేలిక. చోటు చాలకపోతే ఎన్నిసార్లు చేసినా ఇంచుమించు ఒకే అంకె దగ్గర ఆగుతుంది. నెట్ వల్లయితే ఒకసారి 80 దగ్గర, ఇంకోసారి 450 దగ్గర, ఎక్కువగా తెర ఆరిపోయిన కాసేపటికి ఆగుతుంది. వైఫైలా కనిపించినా హాట్‌స్పాట్‌ను ఆండ్రాయిడ్ ఖర్చయ్యే నెట్‌గా గుర్తిస్తుంది. డేటా సేవర్ ఆన్‌లో ఉంటే, తెర వెనక నడిచే యాప్‌లకు అలాంటి నెట్ అందకుండా ఆపుతుంది. కాబట్టి డేటా సేవర్‌లో ఈ యాప్‌ను మినహాయింపు జాబితాలో చేర్చండి. బ్యాటరీ విభాగంలో ‘అన్‌రిస్ట్రిక్టెడ్’ ఎంచండి. ఫోన్‌ను ఛార్జింగ్‌కు పెట్టి, యాప్ తెరిచి ఉంచి, తెర ఆరకుండా చూసుకోండి. 700 పాటల ఒకే ప్లేలిస్టుకు బదులు నూరేసి చొప్పున ఏడు చేసి ఒక్కొక్కటే దించుకుంటే, ఎక్కడ ఆగినా మిగతావి పూర్తయి ఉంటాయి. ఆయనకు కావలసింది వెతుక్కోవడం కూడా సులువు.

అసలు మీ ఇంట్లో మనస్పర్థలు తెచ్చింది రెండో సమస్య. పాటలు మాయమవడం. దీన్ని కాస్త నిదానంగా విప్పుదాం.

ఇలాంటి యాప్‌లలో డౌన్‌లోడ్ చేసినంత మాత్రాన పాట మీ సొంతం కాదు. గ్రంథాలయం నుంచి తెచ్చుకున్న పుస్తకం మన బల్ల మీదే ఉంటుంది, అయినా గడువు లోపల మళ్లీ ముద్ర వేయించుకోవాలి. ఇదీ అంతే. ఫోన్‌లోకి దిగే ఫైలుకు తాళం ఉంటుంది. ఫలానా ఖాతాకు, ఫలానా ఫోన్‌కు, ఫలానా గడువు వరకు మాత్రమే ఆ తాళం తెరుచుకుంటుంది. చందా నడుస్తోందో లేదో తెలుసుకోవడానికి యాప్ అప్పుడప్పుడు తన సర్వర్‌ను పలకరించాలి. స్పాటిఫైలోనూ, యూట్యూబ్ మ్యూజిక్‌లోనూ ఆ గడువు 30 రోజులు. ఆ లోగా ఒక్కసారైనా ఫోన్ నెట్‌కు తగలాలి.

మీరు మొబైల్ డేటా ఆపేసి వస్తున్నారు. నెల లోపల తిరిగి వెళ్లినప్పుడు పాటలు బాగానే ఉన్నాయి. నెలన్నర అయినప్పుడు మధ్యలో మూగబోయాయి. ‘ఒక్కోసారి ఉంటాయి, ఒక్కోసారి ఉండవు’ అని మీకు తోచింది ఇందుకే. డేటా ఆపడం వెనక మీ జాగ్రత్త నాకు అర్థమవుతోంది. కానీ పాటలను ఆపింది ఆ జాగ్రత్తే.

కానీ ఒకసారి హాట్‌స్పాట్ కలిపాక పాటలు పోయాయన్నారే, దానికి 30 రోజుల గడువు కారణం కాదు. గడువు తీరితే నెట్ లేకుండానే మూగబోవాలి. నెట్ తగిలాక పోయాయంటే, సర్వర్ నుంచి కబురు అందాకే పోయాయన్నమాట. అలాంటి కబురుకు రెండు కారణాలు తరచుగా ఉంటాయి. ఒకటి, చందా డబ్బు ఏదో నెలలో కట్ కాకపోవడం. మీ రసీదుల్లో ఆ తేదీల దగ్గర ఏమైనా తేడా ఉందేమో చూడండి. రెండోది, మీ విషయంలో నేను ఎక్కువగా అనుమానించేది, పరికరాల పరిమితి. స్పాటిఫైలో ఒక ఖాతా మీద గరిష్ఠంగా 5 పరికరాల్లో డౌన్‌లోడ్లు ఉంచుకోవచ్చు, ఒక్కో పరికరంలో 10,000 పాటల దాకా. ఆరో పరికరంలో డౌన్‌లోడ్ చేస్తే, అన్నిటికన్నా తక్కువగా వాడిన పరికరంలోనివి తీసేస్తుంది. మిగతా యాప్‌లకూ ఇలాంటి పరిమితులున్నాయి, అంకెలు వేరు. మీ తమ్ముడివి మూడు, మీవి రెండు, నాన్నగారిది ఒకటి, మొత్తం ఆరు. నాన్నగారి ఫోన్ నెలా, నెలన్నర పాటు నెట్‌కు రాదు కాబట్టి, సర్వర్ దృష్టిలో అన్నిటికన్నా తక్కువ వాడేది అదే. ఆయన రోజంతా వింటున్న సంగతి దానికి తెలియదు.

ఇంకో ఆనవాలు కూడా చూడవచ్చు. పాటలు పలకనప్పుడు సెట్టింగ్స్‌లో ఆ యాప్ ఎంత చోటు తీసుకుందో చూడండి. జీబీలకు జీబీలు అలాగే ఉంటే ఫైళ్లు ఉన్నాయి, తాళం మాత్రమే పడింది. అలాంటప్పుడు ఏదీ తీసేయకుండా నెట్ కలిపి, యాప్ తెరిచి కొన్ని నిమిషాలు వదిలేస్తే తరచుగా పాటలు తిరిగి పలుకుతాయి. చోటు ఖాళీ అయిపోయి ఉంటే ఫైళ్లే పోయాయి, మళ్లీ దించుకోవాల్సిందే.

గడువుకూ, పరికరాల పరిమితికీ మధ్య ఒక ముడి ఉంది, అది జాగ్రత్తగా చూసుకోండి. 30 రోజుల గడువు సంగతి తెలిసిన వెంటనే ఎవరికైనా తోచేది ‘అయితే వారానికోసారి నెట్ కలుపుదాం’ అని. పరికరాల లెక్క తేల్చకుండా ఆ పని చేస్తే, తొలగింపు కబురు వారంలోపే అందుతుంది, పాటలు ఇంకా త్వరగా పోతాయి. కాబట్టి ముందు పరికరాలు, ఆ తర్వాతే వారం వారం నెట్.

లెక్క తగ్గించడం కష్టం కాదు. ఈ పరిమితి డౌన్‌లోడ్లకే, నెట్‌లో నేరుగా వినడానికి కాదు. తమ్ముడు ల్యాప్‌టాప్‌లో, మీరు ట్యాబ్‌లో దించుకున్నవి తీసేసి అక్కడ నెట్‌లోనే వింటే సరిపోతుంది. ఎక్కడెక్కడ లాగిన్ అయి ఉందో గుర్తులేకపోతే ఖాతా పేజీలో ‘అన్ని పరికరాల నుంచి సైన్ అవుట్’ అన్న ఏర్పాటు ఉంటుంది. అది వాడితే నాన్నగారి ఫోన్‌కు కూడా వర్తిస్తుంది. అందుకని దాన్ని మీరు ఆయన దగ్గరకు బయల్దేరే రోజునే వాడండి, మధ్యలో వద్దు.

తెగిపోయే పాటల గురించి తక్కువలో చెబుతాను. అదే పాట మీ ఫోన్‌లోనూ బూడిదరంగులో ఉంటే హక్కులు మారి యాప్ నుంచి తీసేశారని అర్థం. వేరే ఆల్బమ్‌లోనో, సంకలనంలోనో అదే పాట దొరకవచ్చు, దాన్ని ప్లేలిస్టులో చేర్చండి. మీ ఫోన్‌లో బాగా మోగి ఆయన ఫోన్‌లో మాత్రమే తెగుతుంటే ఆ ఫైలు సరిగా దిగలేదు. ఆ ఒక్కదాన్నీ తీసి మళ్లీ దించండి. పాటలు కార్డులోకి మార్చాక ఈ బాధ పెరిగితే కార్డునే పరీక్షించాలి. కార్డును కంప్యూటర్‌కు తగిలించి విండోస్‌లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూ, మ్యాక్‌లోనూ లైనక్స్‌లోనూ ఎఫ్3 అనే ఉచిత సాధనాలతో చూడవచ్చు. అవి కార్డు నిండా రాసి, తిరిగి చదివి, 64 జీబీ అని చెప్పిన కార్డులో నిజంగా అంత ఉందో లేదో, రాసింది రాసినట్టు నిలుస్తోందో లేదో చెబుతాయి. పరీక్షకు ముందు కార్డులోని ఫొటోలవీ వేరేచోట దాచుకోండి. కార్డు మార్చాల్సి వస్తే మీద ఏ1 అన్న గుర్తు ఉన్నది తీసుకోండి. చిన్న చిన్న ఫైళ్లు వేగంగా చదవాల్సిన పనికి ఆ గుర్తు ఉన్నవి నయం.

ఇప్పుడు మీరు అడిగిన దారుల దగ్గరకు వద్దాం.

కొత్త ఫోన్ కొంటే చోటు సమస్య ఒక్కటే తీరుతుంది. 30 రోజుల గడువు, పరికరాల లెక్క రెండూ కొత్త ఫోన్‌కూ వర్తిస్తాయి. పైగా చూపు తగ్గిన మనిషికి చేతికి అలవాటైన ఫోన్ మార్చడం చిన్న విషయం కాదు. ఆ పాత ఫోన్‌కు యాప్ కొత్త వెర్షన్లు రావడం ఆగిపోతే తప్ప ఆ ఖర్చు ఇప్పుడు అనవసరం. యాప్ మార్చడం కూడా అంతే. డబ్బు కట్టే ప్రధాన యాప్‌లన్నీ ఈ తాళం పద్ధతిలోనే నడుస్తాయి. 700 పాటలు మళ్లీ వెతికి పేర్చుకునే శ్రమ అదనం.

ఉన్న యాప్‌నే, ఉన్న ఖాతానే కొనసాగించి, పరికరాలు తగ్గించి, వారానికోసారి ఆయన ఫోన్ నెట్‌కు తగిలేలా చూడడం తక్కువ ఖర్చుతో అయ్యే దారి. మొబైల్ డేటా ఆన్‌లో ఉంచి, డేటా సేవర్ పెట్టి, ఈ యాప్‌కు మాత్రం మినహాయింపు ఇవ్వండి. యాప్ సెట్టింగ్స్‌లో ‘మొబైల్ డేటాతో డౌన్‌లోడ్’ ఆపేసి ఉంచండి. మొబైల్ డేటా మీద నేరుగా పాటలు వినే ఏర్పాటు ఆపే వీలు ఆ యాప్‌లో ఉంటే అదీ ఆపేయండి. అప్పుడు అనుమతి తాజా చేసుకోవడానికి కావలసిన కాస్త డేటా తప్ప పెద్దగా పోదు. హోమ్ స్క్రీన్ మీద ఫోన్, మ్యూజిక్ తప్ప మరేమీ లేకుండా చేస్తే పొరపాటు నొక్కుళ్ల భయమూ తగ్గుతుంది. ఒక చిన్న మెలిక ఉంది. కొన్ని యాప్‌లలో ‘ఆఫ్‌లైన్ మోడ్’ అనే మీట ఉంటుంది. సిగ్నల్ ఊగిసలాడే చోట అది ఆన్‌లో ఉంటే పాటలు తడబడకుండా వెంటనే మోగుతాయి. కానీ అది ఆన్‌లో ఉన్నంతసేపూ, ఫోన్‌కు నెట్ ఉన్నా యాప్ సర్వర్‌ను పలకరించదు. అది ఆన్‌లో పెట్టి వస్తే, వారానికోసారి దాన్ని ఆపి, సిగ్నల్ అందే గుమ్మం దగ్గరో మేడ మీదో ఫోన్‌ను పది నిమిషాలు యాప్ తెరిచి ఉంచి, మళ్లీ ఆన్ చేసే మనిషి ఒకరు ఉండాలి. ఆయన దగ్గరకు రోజూ వచ్చే వాళ్లెవరైనా ఉంటే ఈ పని నేర్పండి. అలాంటి మనిషి లేకపోతే ఆఫ్‌లైన్ మోడ్ జోలికి వెళ్లకండి. అప్పుడప్పుడు పాట మొదలవడానికి కాస్త ఆలస్యమైనా, నెలకోసారి అన్నీ పోవడం కంటే నయం.

నాన్నగారికి విడి ఖాతా తీసుకోవడం ఇంకో దారి. అసలు ఒక్కరి కోసం ఉన్న ప్లాన్‌ను ముగ్గురు పంచుకోవడం చాలా యాప్‌ల నియమాలకు విరుద్ధం. ఇది కూడా మీరు లెక్కలోకి తీసుకోవాలి. విడి ఖాతా ఉంటే తమ్ముడి పరికరాలతో ఆయనకు సంబంధమే ఉండదు. కుటుంబ ప్లాన్ చవకగా అనిపిస్తుంది, కానీ స్పాటిఫైలోనూ యూట్యూబ్ మ్యూజిక్‌లోనూ సభ్యులందరూ ఒకే ఇంట్లో ఉండాలన్న షరతు ఉంది. ఆయన వేరేచోట ఉంటున్నారు కాబట్టి ఆయనకు విడి ప్లానే తీసుకోవాల్సి రావచ్చు. ప్లేలిస్టులు పోతాయని భయపడకండి. మీ ఖాతా నుంచి వాటి లింకు పంపి, ఆయన ఖాతాలో తెరిచి లైబ్రరీకి చేర్చుకుని దించితే సరి. మీరు మీ ఇంటి నుంచి ఒక పాట చేరిస్తే, ఈసారి వైఫై తగిలినప్పుడు అది ఆయన ఫోన్‌లోకి దానంతటదే దిగుతుంది. కానీ విడి ఖాతా అయినా 30 రోజుల గడువు తప్పదు. ఖర్చు పెరిగినా వారం వారం నెట్ కలిపే ఏర్పాటు మాత్రం అక్కర్లేకుండా పోదు.

నన్నడిగితే, మీ నాన్నగారి పరిస్థితికి అన్నిటికన్నా నిశ్చింతగా ఉండే దారి వేరే ఉంది. ఆయన రోజూ వినే నూరు పాటలు ఏవో కనుక్కోండి. వాటిని తాళం లేని ఫైళ్లుగా సొంతం చేసుకోండి. ఆపిల్ వారి ఐట్యూన్స్ స్టోర్ 2009 నుంచీ పాటలను తాళం లేకుండానే అమ్ముతోంది, 256 కిలోబిట్ల నాణ్యతలో. బ్యాండ్‌క్యాంప్ అనే వెబ్‌సైట్‌లో కళాకారులు తాళం లేని ఫైళ్లే అమ్ముతారు. ఇంట్లో పాత సీడీలుంటే వాటి నుంచి కంప్యూటర్‌లోకి తీసుకోవచ్చు. నాలుగు నిమిషాల పాట 256 దగ్గర 7.7 ఎంబీ, నూరు పాటలు 800 ఎంబీ లోపే. వాటిని కార్డులో వేసి, ఏ లాగిన్ అడగని మామూలు మ్యూజిక్ ప్లేయర్‌తో వింటారు. లేదంటే తడిమి నొక్కగలిగే పెద్ద బటన్లున్న, పెన్‌డ్రైవ్ తీసుకునే స్పీకర్‌లో వేసి ఇవ్వండి. గడువు లేదు, చందా లేదు, సిగ్నల్ అక్కర్లేదు. ఇబ్బందులూ ఉన్నాయి. అన్ని పాటలూ అమ్మకానికి దొరకవు, ఎంచి కొనడానికి మీకు కొన్ని సాయంత్రాలు పడుతుంది, కొత్త పాట కావాలంటే మళ్లీ మీరే చేర్చాలి. అందుకే దీన్ని యాప్‌కు బదులుగా కాకుండా, యాప్‌కు తోడుగా పెట్టమంటాను. యాప్ ఏ కారణంతో మూగబోయినా ఆయన గది మాత్రం నిశ్శబ్దం కాదు.

తమ్ముడు చెప్పిన దారి వద్దు. బయట దొరికే ఆ యాప్‌లను ప్లే స్టోర్ కాకుండా ఎక్కడి నుంచో తెచ్చి వేయాలి. వాటిలో కొన్ని మెసేజీలు చదివే అనుమతి, తెర మీద జరిగేదంతా చూసే యాక్సెసిబిలిటీ అనుమతి అడుగుతాయి. బ్యాంకు మెసేజీలు వచ్చే ఫోన్‌లో, తెర మీద ఏముందో చదవలేని మనిషి చేతిలో అది చాలా ప్రమాదం. అసలు యాప్‌ను మార్చి చేసినవైతే మీ ఖాతా పేరు, పాస్‌వర్డ్ ఎవరికో అప్పజెప్పినట్టే, ఖాతా రద్దయ్యే అవకాశమూ ఉంది. 320 అని రాసి ఉన్నా, తక్కువ నాణ్యతలో ఉన్నదాన్ని సాగదీసి ఆ అంకె తగిలించినవీ వాటిలో ఉంటాయి. చోటు తింటాయి తప్ప పాట బాగుపడదు. పాట కట్టినవాళ్లకూ, పాడినవాళ్లకూ దక్కాల్సింది దక్కదన్నది కూడా నాకు చిన్న విషయం కాదు.

ఈసారి వెళ్లేముందు ఇంటి దగ్గరే కొన్ని పనులు ముగించుకోండి. ఖాతా పేజీలోకి వెళ్లి చందా ఏ మెయిల్ ఐడీ మీద నడుస్తోందో చూడండి. మీరు డబ్బు కట్టేది ఒక మెయిల్‌తో, ఆయన ఫోన్‌లో లాగిన్ అయింది ఫేస్‌బుక్‌తోనో ఫోన్ నంబరుతోనో వేరే ఖాతాగా అయి ఉండడం చాలా ఇళ్లలో జరిగేదే. ప్లేలిస్టును ముక్కలు చేయండి. అక్కడికి వెళ్లాక ముందు నాన్నగారి ఫోన్‌లో తేదీ, సమయం ‘ఆటోమేటిక్’ మీద ఉన్నాయో లేదో చూడండి. గడియారం తప్పుగా ఉంటే గడువు లెక్కా తప్పుతుంది. ఆ తర్వాత దాచే చోటు కార్డుకు మార్చడం, నాణ్యత తగ్గించడం, బ్యాటరీ, డేటా సేవర్ మినహాయింపులు. ఇవన్నీ అయ్యాకే మొదటి నూరు పాటల డౌన్‌లోడ్ నొక్కండి.

అన్నీ దిగాక వెంటనే బయల్దేరకండి. ఫోన్‌ను ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టి, యాప్‌ను పూర్తిగా మూసి మళ్లీ తెరవండి. ప్రతి ప్లేలిస్టులో మొదటిది, మధ్యలోది, చివరిది మోగించి చూడండి. నెట్ ఉండగా అన్నీ మోగుతాయి, దిగనివి కూడా. నెట్ తీసేస్తేనే నిజం తెలుస్తుంది. పరీక్ష అయ్యాక ఏరోప్లేన్ మోడ్ తీయడం మరవకండి.

నాన్నగారితో మాట్లాడే విషయానికొస్తే, తాళాలు, సర్వర్లు ఆయనకు వివరించనక్కర్లేదు. ‘ఈ పాటలకు నెలకోసారి అనుమతి తాజా చేయించాలట నాన్నా, ఇన్నాళ్లూ అది మనకు తెలియలేదు’ అంటే చాలు. ఆ పరీక్ష చేసేటప్పుడు ఆయన్ను పక్కన కూర్చోబెట్టుకుని, ఏ పాట మోగించాలో ఆయన్నే చెప్పమనండి. మీరు హడావిడి పడడం లేదని చెవులతోనే తెలుస్తుంది. తమ్ముడి దగ్గర కూడా ‘నీ వల్లే నాన్న పాటలు పోయాయి’ అని మొదలుపెట్టకండి, ఈ పరిమితి సంగతి అతనికీ తెలిసి ఉండదు. ల్యాప్‌టాప్‌లో డౌన్‌లోడ్లు తీసేయగలవా అని అడగండి. విడి ఖాతా దారి ఎంచుకుంటే ఆ ఖర్చు అతను భరిస్తాడేమో కూడా అప్పుడే అడగవచ్చు.

ఇంత చేశాక కూడా పాటలు పోతే ఈసారి ఏదీ తీసేయకుండా నాలుగు సంగతులు కాగితం మీద రాసుకోండి: తెర మీద కనిపించిన మాటలు ఉన్నదున్నట్టుగా, యాప్ వెర్షన్ నంబరు, ఆ సమయానికి ఫోన్‌లోనూ కార్డులోనూ ఉన్న ఖాళీ, ఆ ఫోన్ ఆఖరిసారి నెట్‌కు తగిలిన తేదీ. యాప్ సహాయ విభాగానికి ఇవి పంపితే, మళ్లీ ఇన్‌స్టాల్ చేయమన్న మొదటి జవాబుతో సరిపెట్టకుండా అసలు కారణం వెతకడానికి వాళ్లకు ఆధారం దొరుకుతుంది.